గోడ వదిలిన రోజు

అరవైకి దగ్గరపడ్డాక అమ్మ ఈత నేర్చుకుంటానంటే ఇంట్లో అందరూ నవ్వారు. పెద్ద కూతురు మాత్రం కెమెరా సర్దుకుంది.

ఆమె సొంతంగా డాక్యుమెంటరీలు తీస్తుంది. ఎవరినీ ప్రశ్నలడగదు, వ్యాఖ్యానం పెట్టదు, జరిగినదాన్ని మళ్లీ చేసి చూపించమనదు. జరిగేదాని పక్కన ఓపికగా కూర్చుంటుంది, అంతే. చుట్టాలు ఆమెకు ‘మూగనోము’ అని పేరు పెట్టారు.

ఈతకొలనులో పొద్దున పూట ఆడవాళ్ల క్లాసు. ఆమె కెమెరాను గట్టుమీద, నీటికి ఆనీ ఆననట్టు పెట్టింది. అందులోంచి చూస్తే మొహాలు అంతగా కనబడవు. గోడను పట్టుకున్న వేళ్లు, నీళ్లలో తడబడే కాళ్లు, బుసకొట్టే ఊపిరి.

అమ్మకు నీళ్లంటే చచ్చేంత భయం. నడుంలోతులోనే గోడను ఉడుంపట్టు పట్టేది. తోటివాళ్లు అవతలి గట్టుకు వెళ్లి వస్తుంటే, “నాది కుట్టుమిషను తొక్కుడు. ఎంత తొక్కినా ఉన్నచోటే!” అని తన మీద తనే జోకులేసుకునేది.

ఒకరోజు టీచరు అమ్మను గోడ నుంచి కాస్త దూరం తీసుకెళ్లి నెమ్మదిగా చెయ్యి వదిలింది. అమ్మ బుడుంగున మునిగి లేచింది. ఎదురుగా కూతురు.

“ఒసేయ్, ఆ డబ్బా అవతల పడేసి చెయ్యివ్వవే!”

కూతురి చెయ్యి దానంతటదే ముందుకు సాగింది. అమ్మ వెనకే, మూరెడు దూరంలో ఉన్న టీచరు వద్దన్నట్టు తలూపింది. కూతురు చెయ్యి వెనక్కి తీసుకుంది.

“కన్నకూతురివేనా నువ్వు!” అంటూనే అమ్మ కాళ్లాడించింది. తిట్టుకో తన్ను చొప్పున గోడ దాకా వచ్చేసింది. రొప్పుతూ వెనక్కి తిరిగి, తను దాటి వచ్చిన నీళ్లను చూసింది.

“నేనేనా?”

“నువ్వేనమ్మా.”

తన గొంతు తన సినిమాలో పడటం ఆమెకు అదే మొదటిసారి. ఎడిటింగులో తీసేయాలనిపించలేదు.

సినిమాను ఒక చిన్న హాల్లో వేశారు. సంగీతం లేదు, మాటలు తక్కువ. మొదట్లో కుర్చీలు కిర్రుమన్నాయి, దగ్గులు వినబడ్డాయి. పోనుపోను ఆ సందడి సద్దుమణిగింది. తిట్ల దగ్గర హాలంతా పగలబడి నవ్వింది. అమ్మ వేళ్లకు గోడ అందగానే చప్పట్లు మోగాయి.

చివర్లో ఒక పెద్దమనిషి లేచాడు. “తల్లి మునుగుతుంటే సినిమా తీస్తూ కూర్చుంటారా అండీ?”

కూతురి కంటే ముందే అమ్మ అందుకుంది. “అయ్యా, ఈదింది నేను. తీసింది అది. నన్ను కాచుకోడానికి టీచరుంది. ఎవరి పని వాళ్లం చేశాం. మధ్యలో మీకెందుకు అంత కంగారు?”

హాలు మళ్లీ నవ్వింది. ఆ పెద్దమనిషి కూడా నవ్వి కూర్చున్నాడు. కూతురు మాత్రం కళ్లద్దాలు తీసి తుడుచుకుంది.

తెరమీద మొహం సరిగా కనబడని అమ్మ, అందరికంటే ముందే వెళ్లి గుమ్మంలో నిలబడింది. బయటికి వెళ్లే ఒక్కొక్కరినీ ఆపి మరీ చెప్పింది.

“ఆ కాళ్లు నావేనండీ. తీసింది మా పెద్దమ్మాయి.”