కాత్యాయనీ భాగవతారిణి కుడిచేయి

వర్షావసాననిర్మలమగు గగనతలమున శరచ్చంద్రుడింకను పొడసూపకమునుపే తెనాలిపురమున కాలువయొడ్డునగల రంగశాలయందు విద్యుద్దీపమాలికలు వెలుగనారంభించెను. సంపెంగల పరిమళమును కాఫీ కమ్మదనమును కలగలిసి వీచుచుండగా పట్టుచీరల గరగరలతో జరీకండువాల తళతళలతో పురప్రముఖులు ముందువరుస కుర్చీల నాక్రమించిరి. నాడచ్చట ప్రదర్శింపబడనున్నది కాత్యాయనీ భాగవతారిణి స్వీయకథాత్మకమగు చలనచిత్రము.

చిరకాలము హరికథాగానసుధావర్షముతో ఊరూర జనుల నుఱ్ఱూతలూగించిన యా విదుషీమణికి కంపవాతము ప్రాప్తించెను. వైద్యులు దానినే పార్కిన్సన్ వ్యాధి యనిరి. చిరతలు పట్టిన కుడిచేయి తాళమునకు లోబడక తనంతట తాను గడగడలాడుటయు వేయబోయిన యడుగు పడక పాదము నేలకంటుకొనిపోవుటయు గాంచి సభలవా రామెను పిలుచుట మానిరి. ఇక నింటిపట్టున కూర్చుండి రామకోటి వ్రాసికొమ్మని హితవు చెప్పినవారు పెక్కండ్రు. వణకు చేతితో రామకోటి యెట్లు వ్రాయవలెనో యా మహానుభావులకే యెఱుక! ఆమె మాత్రము తన వ్యాధినే కథావస్తువుగా గైకొని కీర్తనలు కట్టి గజ్జెలు కట్టెను. నిరుపమ యను యువదర్శకురాలు దానిని చిత్రముగా దీసెను.

ఆ మధ్యాహ్నమే భాగవతారిణి తన చిత్రమును మొదటిసారి చూచెను. తెరపై నామె చేయి రాతిబొమ్మ చేయివలె నిశ్చలముగా నుండెను. ఎడిటరు కంప్యూటరు సాయమున వణకును మాపి, తాళము తప్పిన చిరతల సవ్వడిని తొలగించి, వేఱొకరు స్టూడియోలో వాయించిన చిరతలను చక్కగా నతికించెను. అంతయు నభిమానముతో చేసినదేనట, నిరుపమయు సరేయనినదట. ఇట్టి యభిమానము పగవారికిని వలదు.

“మీరు బాగా కనబడాలనే చేశాం, అమ్మగారూ,” అని నిరుపమ నసిగెను.

“నా జబ్బు మీద సినిమా తీసి జబ్బునే తీసేశావా అమ్మాయ్? ఈ చెయ్యి ఎవరిదే తల్లీ? నాది మాత్రం కాదు.”

నిరుపమ సిగ్గుతో కుమిలిపోయెను. తిరిగి కూర్చుటకు వ్యవధిలేదనియు ప్రదర్శననే మానుదమనియు కన్నీళ్ళతో పలికెను. భాగవతారిణి యొప్పలేదు. చిత్రమును వేయుమనియు ధ్వనిని మాత్రము పూర్తిగా కట్టివేయుమనియు నాజ్ఞాపించెను.

సాయంకాలము దీపములారెను, తెరపై బొమ్మ నిశ్శబ్దముగా కదలెను. అంతట మెడలో పూలదండయు కాళ్ళ గజ్జెలును చేత చిరతలునుగా నామె తెరముందునకు వచ్చి నిలిచెను. వెనుక నిశ్చలమగు చేయి, ముందు గడగడలాడు చేయి. వేదికపై పక్కవాద్యమునకు కూర్చున్న మృదంగ విద్వాంసుడు సోమశేఖరము పాపము మంచివాడే. ఆమె తడబాటును తన వాద్యఘోషముతో కప్పిపుచ్చుటయే స్నేహమని యిన్నాళ్ళు తలచినవాడు. ఆతడు యథాప్రకారము దరువందుకొనబోగా నామె యొక చూపు చూచెను. ఆతడు చేతులు ఒడిలో పెట్టుకొనెను. వణకు చిరతల యిచ్చవచ్చిన సవ్వడికే యామె గొంతెత్తి పాడెను. తాళము తప్పినచోట దాచలేదు, క్షమాపణయు వేడలేదు.

కథ నడుమ పాదము నేల కంటుకొనెను. పరుగున రాబోయిన నిరుపమను చేసన్నతో వారించి యామె సభవైపు తిరిగెను.

“కాస్త ఆగండి. దానికి బుద్ధి పుట్టినప్పుడే కదులుతుంది. రోజూ నేను ఆగట్లేదూ?”

సభ యాగెను. చేతిగడియారము చూచుకొనబోయిన ప్రముఖుడొకడు పక్కవారి చూపునకు జంకి చేయి దించెను. చాలసేపటి కడుగు పడెను. చప్పట్లు మ్రోగబోగా నామె వలదని తల యూపి కథ సాగించెను.

తుదకు కథ యయ్యెను. హరికథాంతమున మంగళము పాడి హారతి గొనుట సంప్రదాయము గదా! పళ్ళెమున కర్పూరము వెలిగించి యొకడు వేదికనెక్కెను. భాగవతారిణి పెదవి కదపలేదు. మంగళము పాడకున్న నశుభమని సభాధ్యక్షుడు గొణిగెను.

“అయిపోయినదానికి పాడతారు బాబూ మంగళం. నాకింకా కాలేదు,” అని యామె యచ్చటనే నిలిచెను.

పళ్ళెము పట్టినవాడు ముందునకు రాలేక వెనుకకు పోలేక నిలువగా కర్పూర మాతని చేతనే కరగిపోయెను. ఆమె చేత చిరతలు మ్రోగుచునే యుండెను.