నూట నలభై మూడో పేజీలో కుట్టు

మా చెల్లెలు నన్ను దొంగని చేసింది. పుస్తకంలోనే అనుకోండి, అయినా దొంగ దొంగే కదా. అదీ అచ్చులో, రెండు వేల కాపీల్లో, అట్ట మీద భూతద్దం బొమ్మతో సహా.

అది పగలు కరెంటాఫీసు కౌంటర్లో కూర్చుంటుంది, సెలవు రోజుల్లో పిల్లల కోసం డిటెక్టివ్ నవలలు రాస్తుంది. మొదటి పుస్తకంలో ఓ అన్నా చెల్లెలూ కలిసి మాయమైన సైకిళ్ళ గుట్టు విప్పారు. అందులో దర్జీ అత్త అని ఒకావిడ ఉంది. మెళ్ళో టేపు, చేతిలో కత్తెర, నోటినిండా తిట్లు. తిడుతూనే పిల్లలకి ఆధారాలు చూపిస్తుంది. అది నేనేనని చదివిన ప్రతివాళ్ళూ పట్టేశారు. నేను "ఛ, ఊరుకోండి" అంటూనే ఉబ్బితబ్బిబ్బయ్యాను. ఇప్పుడు రెండో భాగం వచ్చింది. ఇందులో మ్యూజియంలో పదకొండు పాత వెండి నాణేలు పోతాయి. పోయి పోయి బడి నాటకం తెర అంచులో కుట్టేసి ఉండగా దొరుకుతాయి. కుట్టిందెవరయ్యా అంటే, దర్జీ అత్త!

నా కొట్టు గురించి రెండు ముక్కలు చెప్పాలి. ఒకటే గది, రెండు మిషన్లు, గుడ్డలు కత్తిరించే పొడుగాటి బల్ల. బడి వదలగానే, నన్ను మిషనత్త అని పిలిచే వీధి పిల్లలంతా వచ్చి ఆ బల్ల కింద చేరతారు. ఎందుకో నాకూ తెలీదు. వాళ్ళ ఇళ్ళల్లో మెత్తటి కుర్చీలున్నాయి, నా దగ్గరున్నది ఉత్త గచ్చు. అయినా అక్కడే బోర్లా పడుకుని చదువుతారు, కొట్టుకుంటారు, పీలికలతో బొమ్మలు చేస్తారు. "కాళ్ళు తీయండ్రా, గుడ్డ మాసిపోతుంది" అని రోజుకి నలభైసార్లు అరుస్తాను. నాకు పిల్లల్లేరు. నాలుగున్నరకి ఆ గోల మొదలవకపోతే నాకు చెయ్యి ఆడదు. ఈ మాట వాళ్ళకెప్పుడూ చెప్పలేదు, చెప్పేదీ లేదు.

రెండో భాగం వచ్చిన నాలుగో రోజు నుంచి ఒక్కడంటే ఒక్కడు రాలేదు.

పెద్దవాళ్ళు మాత్రం మానలేదు. కాకపోతే అదో రకంగా వచ్చారు. పొట్టి చేయించుకున్న ప్యాంటు తీసుకోవడానికి వచ్చిన పోస్ట్‌మ్యాన్, దాని అంచుని వేళ్ళతో నలిపి నలిపి చూశాడు.

"ఏంటయ్యా వెతుకుతున్నావ్?" అన్నాను.

"ఏం లేదక్కా. ఊరికే... పుస్తకం చదివాను."

ఎదురింటి టీచరుగారు పదిహేనేళ్ళలో మొదటిసారి "మిగిలిన గుడ్డముక్క ఏదండీ?" అని అడిగింది. నాకు ఒళ్ళు మండిపోయింది. ఆ ముక్క బొటనవేలంత ఉంది, తెచ్చి ఆవిడ చేతిలో పెట్టాను. పెద్దవాళ్ళ సంగతి సరే, ఇలా నాలుగు దులిపి పంపగలను. ఖాళీగా పడి ఉన్న బల్ల కింద ఎవర్ని తిట్టను?

సాయంత్రం మేడెక్కి చెల్లెలి తలుపు బాదాను. "ఏమే, దొంగని చెయ్యడానికి నీకు ఇంకెవరూ దొరకలేదా?"

"అది కథక్కా!"

"కథకి నా మెళ్ళో టేపెందుకే? పిల్లలు నా గుమ్మం తొక్కడం లేదు తెలుసా?"

దాని మొహం కొంచెం వాడింది. అయినా రచయిత్రి కదా, వెంటనే తేరుకుంది. "అసలు పుస్తకం మొత్తం చదివావా?"

నిజం చెప్పొద్దూ, చదవలేదు. ఎవరో చెబితే ఆఖరి పేజీలు తిప్పి చూసి విసిరికొట్టాను. సరే, దీనికెంత పొగరో చూద్దామని కిందకొచ్చి మొదటినుంచీ మొదలుపెట్టాను. బాగానే రాసింది పాపం. నేనే దొంగనని తెలిసి కూడా రెండుచోట్ల మ్యూజియం గుమాస్తాని అనుమానించాను. అలా నూట నలభై మూడో పేజీకి వచ్చాను. అక్కడ తెర అంచుని డిటెక్టివ్ చెల్లి పరీక్షగా చూస్తుంది. రెండు పోగుల దారం. మొదట్లో శనగగింజంత ముడి, అదీ పైవైపునే. కుట్లన్నీ ఎడమకి వాలి ఉన్నాయి. చివర ముడి మీద ముడి, మూడు ముడులు. దారం కొస పంటితో కొరికినట్టు చిరుగ్గా ఉంది. అంతా చూసి ఆ పిల్ల అంటుంది కదా: "అన్నయ్యా, ఇది చెయ్యి తిరిగిన దర్జీ పని!"

నాకు చిర్రెత్తుకొచ్చింది. నాణేలు కొట్టేశానని రాసిందా, పోనీ అనుకుంటాను. ముడి పైవైపు వేశానని రాస్తుందా? నా చేతికి ముప్పై రెండేళ్ళ అనుభవం ఉంది. ఇన్నేళ్ళలో నేను కుట్టిన బట్ట మీద ఏ తల్లి కంటికీ ఒక్క ముడి కనబడలేదు. పైగా చేతికందేంత దూరంలో కత్తెర పెట్టుకుని దారం పంటితో కొరుకుతానా?

మర్నాడు రోడ్డవతల కరెంటు స్తంభం వెనక కళ్ళద్దాల పిల్ల కనబడింది. తొమ్మిదో తరగతి, వీధి పిల్లలందరికీ లీడరు. చంకలో మా చెల్లెలి నవల, చేతిలో నోటు పుస్తకం పట్టుకుని నా కొట్టుకేసి చూస్తూ ఏదో రాసుకుంటోంది. స్తంభం వెడల్పు దాని భుజం అంత కూడా లేదు.

"ఏయ్, కనబడుతున్నావ్ లే! ఇలా రా. ఆ నవల కూడా పట్రా."

వచ్చింది కానీ గడప దాటలేదు. "కేసు తేలేదాకా అనుమానితుల ఇంట్లోకి వెళ్ళకూడదత్తా. రూలు."

"రూలూ లేదు గీలూ లేదు. సరే, అక్కడే నిలబడు. నూట నలభై మూడో పేజీ తియ్."

నేను గుడ్డముక్క తీసుకుని, దాని కళ్ళ ముందే అంచు మడిచి పది కుట్లు వేశాను. ముడి మడత లోపలికి పోయింది. కుట్లు కుడికి వాలాయి, అవీ వెతికితే తప్ప కనబడవు. కత్తెరతో దారం తెంపి ముక్క దాని చేతిలో పెట్టాను. అది ముక్కని పుస్తకం పక్కన పెట్టుకుని ఒకటికి నాలుగుసార్లు చూసింది. కళ్ళద్దాలు ముక్కు చివరికి జారాయి.

"ఒక్కటీ కలవట్లేదత్తా."

"ఎలా కలుస్తుంది? అది సూది పట్టుకోవడం చేతకాని వాళ్ళ పని."

"అయితే డిటెక్టివ్ తప్పు చేసిందా?" అని గొంతు తగ్గించి అడిగింది. ఆ ఆలోచన ఆ పిల్లకి దొంగతనం కంటే పెద్ద ఘోరంగా కనబడింది. "మరి అసలు దొంగ ఎవరు?"

"నాకేం తెలుసు? కనుక్కోవడం మీ పని."

అంతే, నాలుగు రోజులు వీధిని కుదురుగా ఉండనివ్వలేదు. పిల్లలు గుడ్డముక్కలూ సూదీ దారం పట్టుకుని ఇంటింటికీ తిరిగారు. హెడ్మాస్టరు చేత కుట్టించారు, లైబ్రేరియన్ చేత కుట్టించారు, పోస్ట్‌మ్యాన్ సంచి దించేదాకా వదల్లేదు. ఒక్కో ముక్కకీ పేరు చీటీ తగిలించి నా గుమ్మం బయట పెట్టేవాళ్ళు. నేను చూసి చెప్పాలి. నిపుణుల అభిప్రాయమట. హెడ్మాస్టరు కుట్టు మీద నా అభిప్రాయం అచ్చు వేయదగ్గది కాదు. కానీ ఎవరి ముక్కా కలవలేదు. ముడి కలిస్తే వాలు కలవదు, వాలు కలిస్తే కొరుకుడు కలవదు. ముప్పై ఎనిమిది ముక్కలు చూశాను. అన్ని రోజులూ నేను లోపల, వాళ్ళు బయట. "లోపలికి రండర్రా" అనే మాట నాలుక చివరిదాకా వచ్చి ఆగిపోయేది. బతిమాలడం నాకు రాదు.

ఆఖరి ముక్క చూశాక కళ్ళద్దాల పిల్ల జాబితా మొత్తం చదివి, పెన్ను కొరుకుతూ కాసేపు నిలబడింది. "ఒక్కరి చేత మాత్రం కుట్టించలేదత్తా," అంది. ఎవరో నాకు చెప్పకుండానే పరుగెత్తింది.

ఆదివారం పొద్దున లైబ్రరీలో పాఠకులతో రచయిత్రి ముఖాముఖి పెట్టారు. ముప్పైమంది పిల్లలు, డజను మంది పెద్దలు, ఒక కాలు విరిగిన మైకు. చెల్లెలు ఇస్త్రీ మడత నలగకుండా వేదిక మీద కూర్చుంది. నేను వెనక వరసలో చేతులు కట్టుకుని కూర్చున్నాను. ముందు హెడ్మాస్టరు లేచి, మ్యూజియానికి సోమవారం సెలవని, దొంగతనం సోమవారం ఎలా జరిగిందని నిలదీశారు. ఒకావిడ దీనివల్ల పిల్లలకి నీతి ఏమిటని అడిగింది. ఒక పిల్లాడు పుస్తకం రెండు గంటల్లో అయిపోయింది, ఇది మోసమన్నాడు. అప్పుడు కళ్ళద్దాల పిల్ల లేచి వేదిక దగ్గరకెళ్ళింది.

"అందరూ మీ సంతకం అడుగుతారు మేడమ్. మాకు మాత్రం మీ చేత్తో నాలుగు కుట్లు కావాలి."

చెల్లెలు ముచ్చటపడిపోయింది. సూదిలో రెండు పోగులెక్కించి, ఎడమచేత్తో కుట్టడం మొదలెట్టింది. ఎడమచేతివాటం! దేవుడా, పదేళ్ళప్పుడు దానికి కుట్టు నేర్పబోయి, నెత్తీ నోరూ కొట్టుకుని వదిలేసింది నేనే కదా! నాలుగు కుట్లు వేసి, ముడి మీద ముడి వేసి, దారాన్ని పంటితో పుటుక్కున కొరికింది.

కళ్ళద్దాల పిల్ల ముక్కని పైకెత్తి పట్టుకుంది. రెండో చేత్తో పుస్తకం తెరిచి, మైకులో ఒక్కో ఆధారమే చదివింది. "శనగగింజంత ముడి, పైవైపున." ఉంది. "ఎడమకి వాలిన కుట్లు." ఉన్నాయి. "మూడు ముడులు." పిల్లలందరూ కలిసి లెక్కపెట్టారు. "పంటితో కొరికిన కొస."

"నాణేలు దొంగిలించింది మీరే మేడమ్," అంది.

హాలు దద్దరిల్లిపోయింది. చెల్లెలు ఎర్రబడిపోయి, నోరు తెరిచి, ఆఖరికి నవ్వేసింది. "ఆ పేజీ రాయడానికి మా ఇంటి కిటికీ తెరకి నేనే కుట్టి చూసుకున్నానర్రా. అక్కని అడిగితే కథ తెలిసిపోతుందని అడగలేదు."

"మరి నేరం మిషనత్త మీదకెందుకు తోశారు?" ఈసారి ఆ పిల్ల గొంతులో డిటెక్టివ్ లేదు. "పుస్తకం చదువుతున్నంతసేపూ అందర్నీ అనుమానించాం మేడమ్, అత్తని తప్ప. ఆఖర్న అత్త అని తెలిసేసరికి ఏడుపొచ్చేసింది. అత్త మమ్మల్ని నిజంగానే మోసం చేసినట్టనిపించింది. ఇంక ఆ బల్ల కింద ఎలా కూర్చుంటాం?"

చెల్లెలి నవ్వు ఆగిపోయింది. నాకేసి చూస్తూ చెప్పింది. "దొంగ ఎప్పుడూ ఎవరికీ అనుమానం రాని మనిషై ఉండాలమ్మా. వీధిలో ఒక్కొక్కర్నీ తలుచుకున్నాను. ఫలానా మనిషి తప్పు చేసిందంటే ఏ పిల్లా, ఏ పిల్లాడూ చచ్చినా నమ్మకూడదు. అలాంటి మనిషి నాకు మా అక్క ఒక్కతే కనబడింది."

తిట్టు కోసం వెతికాను, దొరకలేదు. "ఆ మాట ముందే ఏడవచ్చు కదే" అని మాత్రం అనగలిగాను.

ఇంతలో లైబ్రేరియన్ గొంతు సవరించుకున్నారు. "ఇరవై ఏళ్ళుగా పుస్తకాలిస్తున్నాను. నేను దొంగనంటే మాత్రం నమ్మేస్తారా?"

"మీ మీద మాకు మూడో పేజీలోనే అనుమానం వచ్చింది సార్," అన్నాడో పిల్లాడు.

"మరి నేను?" అన్నారు హెడ్మాస్టరు.

"మీరు రెండో పేజీ సార్."

సోమవారం నాలుగున్నరకి నా బల్ల కింద తొమ్మిదిమంది. ఒకడి కాలు కొత్త గౌను గుడ్డ మీద, ఇంకొకతె మోచెయ్యి దారాల పెట్టెలో. పది నిమిషాల్లో ఆరుసార్లు అరిచాను. అరుస్తుంటే ప్రాణం లేచొచ్చింది.

అంతలో చెల్లెలు ఆఫీసు సంచితోనే వచ్చి, బల్ల మీద కాగితాలు పరిచింది. "మూడో భాగం మొదలెట్టేశానక్కా. మొదటి ప్రకరణంలోనే నువ్వు నిర్దోషివని తేలిపోతుంది. ఇక నీ పేరు మీద మచ్చ లేదు, సరేనా? అసలు తంటా ఎక్కడొచ్చిందంటే, నిన్నటినుంచీ ఆరుగురు వెంటపడుతున్నారు. ఈసారి దొంగగా తమని పెట్టాలట. లైబ్రేరియనైతే దరఖాస్తు కూడా రాసిచ్చాడు."

కాగితాలు తీసి చదివాను. బాగుంది. అందులో జడ్జిగారు నా గురించి నాలుగు మంచి మాటలన్నారు. మళ్ళీ దాని చేతిలో పెట్టేశాను.

"చించెయ్," అన్నాను.

"అదేంటత్తా!" కళ్ళద్దాల పిల్ల బల్ల కిందనుంచి తల బయటపెట్టింది. "మీరు కాదని అంత కష్టపడి రుజువు చేశాం కదా!"

"మీకు తెలుసుగా, చాలు." చెల్లెలి వైపు తిరిగాను. "ఆ చోటు ఇంకెవరికైనా ఇచ్చావో, మర్యాద దక్కదు. నాణేలు కొట్టేసింది నేనే. అలాగే ఉండనీ."