వేట హక్కు మీద తీర్పు

దక్షిణాఫ్రికాలోని కేప్ పడమటి తీరంలో రాఖెల్ యాంకీస్ పేరు ఎరగని జాలరి లేడు. తండ్రి పోయాక ఆయన పడవను ఆమే నడిపింది, తమ్ముడు దావీద్‌కు చేపల వేట నేర్పింది. అయినా ప్రభుత్వం చిన్న జాలర్లకు వేట హక్కులు పంచినప్పుడు ఇద్దరికీ మొండిచెయ్యే చూపింది. మంత్రికి అప్పీలు పెట్టుకున్నారు. ఏళ్ళు గడిచాయి. ఎప్పుడడిగినా ఆఫీసువాళ్ళది ఒకటే మాట, "పరిశీలనలో ఉంది." హక్కు లేకుండా సముద్రం మీదికి పోతే పడవ జప్తు చేస్తారు. రాఖెల్ ఒడ్డున కూర్చుని ఇతరుల చేపలు కోసిపెడుతూ కాలం నెట్టుకొచ్చింది.

చివరికి ఫీజు తీసుకోని లాయరు నోమ్సా వాళ్ళ తరఫున కోర్టుకెక్కింది. నెలలోగా అప్పీళ్ళు తేల్చి తీరాలని జడ్జి ఆదేశించాడు. రాఖెల్ గెలిచినంత సంబరపడింది.

"తేల్చమన్నారంతే, ఇమ్మనలేదు" అని నోమ్సా ఎంత చెప్పినా ఆమె చెవికెక్కలేదు.

గడువు చివరి రోజున చేపలు కోస్తుండగా నోమ్సా ఫోన్ చేసింది.

"దావీద్‌కి ఇచ్చారండీ."

"మరి నాకు?"

"కొట్టేశారు. మీరు ఒడ్డున పనిచేసే మనిషట, జాలరి కాదట."

"హక్కు లేదని ఒడ్డున కూర్చోబెట్టిందీ వాళ్ళే, ఒడ్డునున్నావని హక్కు లేదంటున్నదీ వాళ్ళేనా!" కత్తి బల్లమీద పడేసింది రాఖెల్. ఏడుపు రాలేదు.

కాసేపటికి దావీద్ వచ్చాడు. అక్క మొహం చూడలేక ఇసుకలోకి చూస్తూ నిలబడ్డాడు.

"నా హక్కు మీద నువ్వూ రావచ్చటక్కా. కూలిమనిషిగా రాయించుకుంటే చాలట."

"నీకు గాలం కట్టడం నేర్పిందెవర్రా?"

"నువ్వే."

"మరి కూలెవరు?"

"అయితే నేనూ వెళ్ళనులే."

"వెర్రివేషాలెయ్యకు. ఇద్దరం పస్తులుంటే మంత్రికేం పోయింది?"

మర్నాడు ఆమె కూలిమనిషిగానే పడవెక్కింది. స్నూక్ చేపల గుంపు ఎవరి అప్పీలు కోసమూ ఆగదు. గాలపు తాడు లాగుతుంటే అలవాటు తప్పిన అరచేతులు చీరుకుపోయాయి. దావీద్ అందుకోబోతే మోచేత్తో నెట్టేసి, చేపను తనే పైకి లాగింది.

ఆ వారంలోనే రాఖెల్ నోమ్సా ఆఫీసుకెళ్ళింది.

"ఇన్నాళ్ళూ వాళ్ళ మౌనంతో పోట్లాడాం," అంది నోమ్సా. "ఇప్పుడు నిర్ణయమంటూ ఒకటుంది. అది తప్పని కోర్టులో నిరూపించొచ్చు."

"హక్కు జడ్జిగారే ఇచ్చేయరా?"

"మామూలుగా ఇవ్వరు. మళ్ళీ ఆలోచించమని వెనక్కి పంపుతారు."

"ఆ మంత్రి దగ్గరికేనా?"

"ఆయన దగ్గరికే."

రాఖెల్‌కు నవ్వొచ్చింది, అదీ సగంలోనే ఆగిపోయింది. కుర్చీ ముందుకు లాక్కుంది.

"సరే, కానివ్వు తల్లీ. సంతకం ఎక్కడ పెట్టాలో చూపించు. ఇక మాట్లాడే ఓపిక లేదు."