పదిహేను బారల చిరుగు

కాలి బొటనవేలికి వల అంచు తగిలించి, ఎడమ చేత్తో వల కన్ను సాగదీసి, కుడి చేత్తో నైలాన్ దారం ముడి వేస్తున్నాడు కూర్మయ్య. సోనేపూర్ ఒడ్డున ఎండ అప్పుడే పదునెక్కుతోంది. అరవై నాలుగేళ్ల మనిషి. మోకాళ్లు ఉబ్బి, మడిచిన కాలు చాపాలంటే చేత్తో పట్టి లాగాలి. ఎడమ చేతికి చివరి రెండు వేళ్లూ లేవు. పద్దెనిమిదేళ్ల క్రితం ఏటికి అవతలి పల్లెతో జరిగిన కొట్లాటలో పోయాయి. ఆ తర్వాత అతను చేపల వేటకు వెళ్లలేదు. ఊరివాళ్ల వలలు బాగుచేస్తూ బతికాడు. అతని గురించి చెప్పుకోవడానికి ఊళ్లో ఎవరికీ అంతకు మించి ఏమీ లేదు.

కొడుకు అర్జున్ వచ్చి ఒక వల కుప్పను అతని ముందు పడేశాడు. వెనక ఇరవైమంది, చేతుల్లో తెడ్లు, వెదురు కర్రలు.

“సూడు నానా. నిన్న ఏసిన వల. అవతలోళ్లు కోసేసినారు.”

“ఎవులు సూసినారు?”

“హేమచంద్ర బాబు సెప్పినాడు. ఆయన మనుసులు సూసినారంట.”

హేమచంద్ర రెండు పల్లెల చేపలూ కొని బరంపురం పంపే షావుకారు. ఐసు అతనిదే, రెండు ట్రాలర్లూ అతనివే. టీకొట్టు బల్ల మీద కూర్చుని టీవీ చూస్తున్నాడు. ఎక్కడో యుద్ధం. ఒక ఊరు పొగలో కూలిపోతుంటే, వార్తలవాడు పెళ్లికబురు చెప్పినంత హుషారుగా చెబుతున్నాడు. కుర్రాళ్లు టీ తాగుతూ ఎవరిది పైచేయో వాదించుకుంటున్నారు.

కూర్మయ్య వలను బారలు బారలుగా విప్పాడు. తెగిన పోగులను వేళ్లతో నలిపి చూశాడు. కత్తి తగిలిన పోగు కొస నున్నగా ఉంటుంది. ఇవి మెలితిరిగి, కరిగి ఒకదానికొకటి అతుక్కుని ఉన్నాయి. అడుగు తాడుకున్న సీసపు గుళ్లన్నీ ఒకే పక్కకు ఈడ్చుకుపోయాయి. అరచేతికి నల్లటి గ్రీజు అంటింది.

“ఇది కత్తి కాదురా. మన ఇంజను పంకా తగిలితే జానెడు సిరుగుతాది. ఇది పదిహేను బారలు సుట్టుకుపోనాది. ట్రాలరు పంకా.”

హేమచంద్ర లేచి వచ్చాడు.

“ముసలోడివి, నీకెందుకీ గొడవ? ఆళ్లకి ఒకపాలి బుద్ధి సెప్తేగానీ లొంగరు. పోలీసు థానా సంగతి నేను సూసుకుంటాను.”

అవే మాటలు. పద్దెనిమిదేళ్ల క్రితం, ఆ కొట్లాట రోజు హేమచంద్ర తండ్రి ఇదే ఇసుకలో నిలబడి అన్నాడు. అప్పుడూ చిరిగిన వలే. ఆ వలను ఎవరూ విప్పి చూడలేదు. వలలు అల్లే ఇంట పుట్టి, కూర్మయ్య తానూ చూడలేదు. తెడ్డు పట్టుకుని పరుగెత్తాడు. పదకొండుమంది జైలుకు పోయారు, ఇద్దరు కాటికి పోయారు. షావుకారు చొక్కా గుండీ కూడా ఊడలేదు.

“సోమారం రెండు పల్లెలూ కలిసి ఛత్రపురం ఎల్లి, ఒడ్డుకాడ తిరిగే ట్రాలర్ల మీద కలెక్టరుకి అర్జీ ఇవ్వాలనుకున్నాం. శనివారానికి మన వల తెగిపోనాది. నీకేటీ అనిపించట్లేదేట్రా?” అన్నాడు కొడుకుతో.

“బయమైతే ఇంటికాడ కూకో నానా. ఆటు తీసి నీరు తగ్గినాక ఏరు దాటతాం.” అర్జున్ తండ్రి కళ్లలోకి చూడకుండా తిరిగిపోయాడు.

కూర్మయ్య వలను భుజాన వేసుకున్నాడు. తడి వల మనిషంత బరువు. ఆగి ఆగి నడిచి, బాహుదా ఏరు సముద్రంలో కలిసే మొగ దగ్గర తెప్ప తోసుకుని ఒక్కడే అవతలికి వెళ్లాడు.

అక్కడా కర్రలున్నాయి. “గూఢచారిని పంపినారు” అన్నాడొకడు. కూర్మయ్య అందరినీ దాటుకుని, భర్తను పోగొట్టుకున్న పుణ్యవతి ఇంటికి నడిచాడు. ఆమె వాకిట్లో ఎండుచేపలు తిరగేస్తోంది. మగవాళ్లు వెంటబడి వచ్చారు. అతను చెప్పులు గుమ్మం పక్కన విడిచి, వాకిట్లో వల పరిచాడు.

“సెల్లీ, ఆ కొట్లాట పొద్దు వల సూడకుండా వొచ్చేసినాను. మీ ఆయన నడుం మీద తెడ్డేసి కొట్టింది నానే.”

పుణ్యవతి చేతిలోని చేపలు తట్టలో వేసి, చేతులు కొంగుకు తుడుచుకుంది.

“ఎరుగుదును. ఆయనే సెప్పినాడు. తొమ్మిదేళ్లు మంచం మీదున్నాడు అన్నా. ఎప్పటికైనా వొత్తావని గుమ్మంకేసే సూసేవోడు. నువ్వు రానేదు.”

ఆమె వంగి వల అంచు ఎత్తి చూసింది. వేళ్లకు గ్రీజు అంటింది. తన ఊరి మగవాళ్ల వైపు తిరిగింది.

“మొన్న మన వల తెగిందని ఎగిరినారు కదా. అది ఎవుడైనా ఇప్పి సూసినాడేటి? తెండి.”

తెచ్చారు. అదే మెలి, అదే గ్రీజు.

ఆటు తీశాక అర్జున్ వాళ్లు ఏరు దాటి వచ్చేసరికి ఒడ్డు ఇసుకలో రెండు వలలు పక్కపక్కన పరిచి ఉన్నాయి. చుట్టూ అవతలి పల్లెవాళ్లు గొంతుక్కూర్చుని ఉన్నారు. అర్జున్ చాలాసేపు వంగి చూశాడు. చేతిలో కర్ర ఎప్పుడు వదిలేశాడో అతనికే తెలియదు. హేమచంద్రను రమ్మని కబురు పంపితే, అతని కారు అప్పటికే బరంపురం రోడ్డెక్కేసిందని తెలిసింది.

కూర్మయ్యను పడవలో కూర్చోబెట్టుకుని అర్జున్ తిరుగుముఖం పట్టాడు. నడి ఏట్లో ముసలాయన “ఆయాసంగుందిరా” అని కొడుకు భుజానికి ఆనుకున్నాడు. ఒడ్డు చేరాక లేపితే లేవలేదు.

సోమవారం రెండు పల్లెలూ కలిసే అర్జీ ఇచ్చాయి. పుచ్చుకున్న గుమాస్తా చదవకుండానే ముద్ర వేశాడు. ట్రాలర్లు ఇంకా ఒడ్డుకు దగ్గరగానే తిరుగుతున్నాయి. టీకొట్టు టీవీలో ఆ ఊరు ఇంకా కాలుతోంది, కుర్రాళ్లలో కొందరు ఇంకా చూస్తూనే ఉన్నారు.

పుణ్యవతి గుమ్మం పక్కన ఒక జత రబ్బరు చెప్పులు అలాగే ఉన్నాయి. ఆమె వాటిని తీయలేదు, ఎవరినీ తీయనివ్వలేదు. ఎడమ చెప్పుకు తెగిన పట్టీ చోట నీలం నైలాన్ దారం, దాని చివర సన్నగా, గట్టిగా వేసిన వల ముడి.