గంప గుర్తు

గడ్డం గీసుకుంటూ ప్రొఫెసర్ గారు అద్దంలోని మనిషికి పాఠం అప్పజెబుతున్నారు. “గంప పార్టీ, నిచ్చెన పార్టీ. గంప, నిచ్చెన.”

“ఇందాక మళ్ళీ ‘గో’ అన్నారు, విన్నాను,” అంది పక్క గదిలోంచి భార్య.

ఓట్లు సీట్లుగా ఎలా మారతాయో చెప్పడమే ఆయన బతుకు. ఎన్నికల పద్ధతుల మీద లావుపాటి పుస్తకాలు రాశారు. అచ్చుతప్పులు దిద్దినవాడు తప్ప వాటిని పూర్తిగా చదివినవాడు లేడు. పాఠమంటే మాత్రం పిల్లలకు ప్రాణం. ఆ పాఠంలో ఒక మూడు వీధుల ఊరు ఉంటుంది. రెండు వీధుల్లో గొడుగు పార్టీ బొటాబొటిగా గెలుస్తుంది. మూడో వీధి మొత్తం నిచ్చెనకే ఓటేస్తుంది. ఎక్కువ ఓట్లు నిచ్చెనవి, గద్దె గొడుగుది. ఉద్యోగంలో చేరిన కొత్తలో సరదాగా పెట్టిన పేర్లవి. ఇన్నేళ్ళకు ఒక నిజం పార్టీ పుట్టి, లోకంలో వస్తువులే కరువైనట్టు గొడుగునే గుర్తుగా పెట్టుకుంది. అంతటితో ఊరుకుందా? మొన్నటి ఎన్నికల్లో అచ్చం ఆ పాఠంలోలాగే, తక్కువ ఓట్లతో గెలిచి కూర్చుంది. ఖర్మ కాకపోతే ఏమిటి!

ఆ తర్వాతే కాలేజీలో చరిత్ర చెప్పే మాస్టారు కనిపించకుండా పోయాడు. ఎక్కడికి పోయాడని ఎవరూ అడగలేదు. భయపడి ప్రొఫెసర్ గారూ అడగలేదు.

“ఇప్పుడు గొడుగును గంపగా మారిస్తే, గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు కాదూ?” అన్నారు చొక్కా బొత్తాలు పెట్టుకుంటూ.

“ముందు భుజాలు మిగలనివ్వండి, తర్వాత తడుముకోవచ్చు. సాయంత్రం ఇంటికి రండి, నాకదే చాలు.” 

తరగతిలో వెనక బెంచీ మీద, విద్యార్థులు కాని ఆ ఇద్దరూ ఉన్నారు. కొన్నాళ్ళుగా వస్తున్నారు. పుస్తకం తేరు, ఆవులించరు.  అయినా ఆయన నోరు మాట విన్నది. గంప అనవలసిన చోటల్లా గంపే అన్నారు. ఆ ధైర్యంతో సుద్దముక్క తీసుకుని, బోర్డు మీద మూడు వీధులూ గీసి, గుర్తులు వేశారు.

 ముందు వరుసలో చురుకైన అమ్మాయి ఒకతె ఉంది, ఆగలేకపోయింది.

“గంప అన్నారు కదా మాస్టారూ, గొడుగు వేశారేం?”

వెనక్కి తిరిగి చూసుకున్నారు. నోటికి నేర్పారు గానీ చేతికి నేర్పడం మరిచిపోయారు. ఏళ్ళ తరబడి అలవాటైన చెయ్యి తన పాటికి తాను నిండైన గొడుగు వేసి పెట్టింది. తుడుద్దామంటే వెనక బెంచీ చూస్తోంది. 

“గంపేనమ్మా. బోర్లించిన గంప.”

పిల్లలు గొల్లుమన్నారు. హమ్మయ్య అనుకుని ఆయనా నవ్వారు. అప్పుడు వెనక బెంచీ మీది పెద్దవాడు మొదటిసారి నోరు విప్పాడు.

“మరి ఆ కర్రేంటి మాస్టారూ?”

ఎవరూ నవ్వలేదు. ప్రొఫెసర్ గారు కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు. 

గంట కొట్టాక ఇద్దరూ లేచి వచ్చారు. “కాస్త అలా వచ్చి వెళ్దురుగాని. ఊరికే, ఒక సంతకం,” అన్నాడు పెద్దవాడు మర్యాదగానే.

“చదివి పెడతాను,” అన్నారు ప్రొఫెసర్ గారు. 

“అయ్యో, తప్పకుండా చదువుకోండి,” అని మోచెయ్యి పట్టుకున్నాడు.

గుమ్మం దగ్గర ఆయన పిల్లల వైపు తిరిగి, “రేపు...” అన్నారు. రెండోవాడు తలుపు మూశాడు.

కింద కారు కదిలిన చప్పుడు వినిపించింది. “నేనెందుకు అడిగానురా దేవుడా,” అంటూ ఆ అమ్మాయి ఏడ్చింది. మాస్టారి బల్ల మీద ఆయన చదువుకునే కళ్ళజోడు తెరిచినట్టే ఉంది, ఒక అద్దం మీద సుద్దపొడి వేలిముద్రతో.