మూడు పిడికిళ్ళ మట్టి

మామిడికుదురు ఇశ్రాయేలు సినిమా నటుడు. నమ్మనివాళ్ళకి పదమూడు సినిమాల పేర్లు గుక్క తిప్పుకోకుండా చెబుతాడు. వాటిలో ఆరు విడుదల కూడా అయ్యాయి. కోనసీమలో ఎక్కడ షూటింగ్ జరిగినా ఏదో ఒక వేషం సంపాదించేవాడు, వేషం లేకపోతే కెమెరావాళ్ళలో దూరేవాడు. అదీ లేని రోజుల్లో ఊళ్ళో పెళ్ళిళ్ళూ చావులూ తీసి, కువైట్‌లోనూ మస్కట్‌లోనూ ఉన్న అయినవాళ్ళకి లైవ్ ఇచ్చేవాడు.

అతనికి పేరు తెచ్చింది ఒక్కటే సీను. తండ్రి శవపెట్టె మీద మట్టి వేసి ఏడవాలి. మూడు టేకులు, మూడు పిడికిళ్ళు. గ్లిజరిన్ లేకుండానే ఏడ్చాడు. అమలాపురంలో ఆ సినిమా చూసొచ్చి వాళ్ళ నాన్న సాలమోను తెగ మురిసిపోయాడు.

"నాక్కూడా అంత ఏడుస్తావేంట్రా?"

"మీకు ఇంకా బాగా చేస్తానండి" అన్నాడు ఇశ్రాయేలు. ఇంట్లో అందరూ నవ్వారు.

మొన్న మంగళవారం సాలమోను పోయాడు. ఆ మాట ఇశ్రాయేలు చెవిదాకా వచ్చింది గాని లోపలికి దిగలేదు. కువైట్‌లో ఉన్న చెల్లెలు రెబెకాకి సెలవు దొరకలేదు, ఆమెకి లైవ్ ఇవ్వడానికి ఇశ్రాయేలే కెమెరా పట్టాడు. ఈ ఒక్కరోజూ కెమెరా ఇంకెవరికైనా ఇమ్మని పాస్టరుగారు చెప్పినా వినలేదు. వాళ్ళు సరిగ్గా తియ్యరని అతని బెంగ. ఆ బెంగ తప్ప మరో బాధేదీ తెలియలేదతనికి. నాన్న ముఖం మీద ఎండ పడుతోందని గొడుగు కాస్త పక్కకి జరిపించాడు. సమాధుల తోటలో తల్లి మార్తమ్మ పిడికెడు మట్టి వేసే సమయానికి సిగ్నల్ పోయి, తర్వాత వచ్చింది.

"ఇంకోసారి వెయ్యమ్మా. చెల్లికి కనపళ్ళేదు."

మార్తమ్మ కొడుకు వంక చూసింది. వంగి మళ్ళీ వేసింది. చుట్టాలందరూ తలో పిడికెడూ వేశాక గొయ్యి పూడ్చేశారు.

ఇంటికొచ్చి స్టాండు మడుస్తుంటే రెబెకా ఫోన్ చేసింది. ఇంకా ఏడుస్తూనే ఉంది. అంతా బాగా కనిపించిందని, నాన్నారు నిద్రపోతున్నట్టే ఉన్నారని చెప్పింది.

"నువ్వెక్కడా కనపళ్ళేదేంటన్నయ్యా? నాన్నారికి మట్టేసేవా?"

ఇశ్రాయేలు తన కుడిచేయి చూసుకున్నాడు. శుభ్రంగా ఉంది. ఏడుపొస్తుందేమోనని కాసేపు చూశాడు. రాలేదు.

"లేదమ్మా" అన్నాడు. "మర్చిపోయేను."