వదిన నవలలో మూగ మనిషి

ఒతీలియా వదిన గురువారం వస్తోందని మా ఆయన ఎవరిస్తో వచ్చి చెప్పినప్పుడు నేను పెరట్లో కోడి ఈకలు పీకుతున్నాను.

"టేప్ రికార్డరు తెస్తోందట. అమ్మ ఆఖరి రోజుల గురించి రాస్తుందట. ఆ కోడితో మోలే కూర చెయ్యి. బల్ల మీద ఆ గళ్ల గుడ్డ కాదు, కుట్టుపని ఉన్న తెల్లది వెయ్యి. అక్కా నేనూ మాట్లాడుకునేటప్పుడు మధ్యలో దూరకు" అన్నాడు ఎవరిస్తో. అని, తనే నవ్వుకున్నాడు. "అయినా నువ్వెక్కడ మాట్లాడతావులే!"

ఆ నవ్వు వెనక పదకొండేళ్ల కథ ఉంది. మా ఆయన అక్క ఒతీలియా సముదియో పేరు మా మెక్సికో దేశంలో పుస్తకం చదివే వాళ్లందరికీ తెలుసు. ఏడు నవలలు, ఒక జ్ఞాపకాల పుస్తకం. బడిపిల్లల వాచకాల్లో కూడా పాఠంగా పెట్టారు. మూడో నవలలో మా కోతెపెక్ లాంటి ఊరుంది, మా ఇంటి లాంటి ఇల్లుంది, ఆ ఇంట్లో తోమాసా అనే కోడలుంది. ఆమె ఎడమ మణికట్టు మీద అర్ధచంద్రాకారంలో కాలిన మచ్చ. "తోమాసా ఆ ఇంట్లో ఒక కుండ. పొయ్యి మీద ఉన్నంతసేపే దానికి చప్పుడు" అని రాసింది వదిన. మూడు వందల పేజీల నవలలో ఆమె పలికింది నాలుగు మాటలు. అందులో రెండు 'సరే'లు.

నా ఎడమ మణికట్టు మచ్చ ఊరందరికీ తెలుసు. మాంసం కొట్టువాడు "ఏం తోమాసా, పక్కటెముకలా, కార్జమా?" అనడం మొదలుపెట్టాడు. చర్చిలో నా వెనక కూర్చున్న ఆడవాళ్లు ఒకర్నొకరు మోచేత్తో పొడుచుకునేవారు. ఇంటికొచ్చి ఏడిస్తే ఎవరిస్తో, "కథే కదే! కథలో మనిషి కోసం ఏడుస్తారా ఎవరైనా? మా అక్క పుస్తకంలో చోటు దొరకడమే నీ అదృష్టం" అన్నాడు. వదిన ఊరొచ్చినప్పుడు ఒకసారి ధైర్యం చేసి కదిపాను. "అది నువ్వు కాదు ఎర్మీనియా. నాలుగైదుగుర్ని కలిపి చేశాను" అంది నా చెయ్యి నిమురుతూ. నాలుగైదుగురికీ అదే మణికట్టు కాలిందా వదినా అని అడగలేదు. అడగగలిగే మనిషినే అయితే తోమాసాని ఎందుకవుతాను?

గురువారం ఉదయం నుంచి సన్నటి తుంపర. వదిన మధ్యాహ్నం బస్సులో దిగింది. అరవై ఏడేళ్లు, నెరిసిన జుట్టు కురచగా కత్తిరించుకుని, తడిసిన బూట్లతో నేరుగా వంటింట్లోకి వచ్చి మోలే గిన్నె మీద మూత తీసి వాసన చూసింది. "దీని కోసమైనా ఏడాదికి రెండుసార్లు రావాలి నేను" అంది. రాదని ముగ్గురికీ తెలుసు. అత్తయ్య మంచం పట్టిన ఆరేళ్లలో వదిన వచ్చింది ఐదుసార్లు. పారిస్‌లో రెండేళ్లు ఉంది. తక్కిన నాలుగేళ్లూ మెక్సికో నగరంలోనే ఉంది, ఇక్కడికి ఐదారు గంటల దారి.

భోజనాలయ్యాక తెల్లగుడ్డ మీద రికార్డరు పెట్టి మీట నొక్కింది. నేను పళ్లేలు తీస్తున్నాను.

"చెప్పరా తమ్ముడూ. ఆ రోజు ఉదయం నుంచి చెప్పు."

ఎవరిస్తో గొంతు సవరించుకున్నాడు. "అప్పుడు చెప్పాను కదక్కా ఫోన్‌లో. నేను పక్కనే కూర్చున్నాను. అమ్మ కళ్లు మూసుకునే ఉంది. 'ఒతీలియా... ఒతీలియా వచ్చిందా' అని రెండుసార్లు అడిగింది. నా చెయ్యి పట్టుకుంది. అంతే, నిద్రపోయినట్టే పోయింది."

వదిన కళ్లలో నీళ్లు తిరిగాయి. "ఆ అధ్యాయం ఇప్పటికే సగం రాశాను. 'మా అమ్మ ఆఖరి మాట నా పేరు' అని మొదలవుతుంది" అంది.

"లేదు."

ఆ మాట నా నోట్లోంచే వచ్చిందని తెలుసుకోవడానికి నాకూ ఒక క్షణం పట్టింది. చేతిలో పళ్లేలు అలాగే ఉన్నాయి. ఇద్దరూ నావైపు తిరిగారు. రికార్డరులో చక్రం తిరుగుతూనే ఉంది.

"ఆ పొద్దున మీ తమ్ముడు నర్సరీలో ఉన్నాడు వదినా. హలాపా నుంచి లారీ వచ్చింది, పూలమొక్కలు ఎక్కిస్తున్నాడు. నేను అత్తయ్య తల కడుగుతున్నాను. ఆమె ఎవరి పేరూ పిలవలేదు. నీళ్లు చల్లగా ఉన్నాయని నన్ను తిట్టింది. వేడినీళ్ల కోసం వంటింట్లోకి వెళ్లొచ్చేసరికి తల ఒక పక్కకి వాలిపోయి ఉంది. సబ్బు నురగ ఇంకా చెవి మీదే ఉంది."

"నీకు మతి పోయిందా?" ఎవరిస్తో బల్ల మీద చరిచాడు. "అక్క బాధపడుతుందని ఒక మంచి మాట చెప్పాను, దానికి..."

"నువ్వు నోర్ముయ్యరా" అంది వదిన. అని నావైపు చూసింది. ముప్పై ఒక్క ఏళ్లలో ఆమె నన్ను చూసిన అతి పొడవైన చూపు అదే. "ఇంకేం తెలుసు నీకు?"

నాకేం తెలుసో చెప్పడం కన్నా చూపించడం తేలికనిపించింది. బట్టల బీరువా అడుగునుంచి రెండు పుస్తకాలు తెచ్చి ఆమె ముందు పెట్టాను. ఒకటి తోమాసా ఉన్న నవల, రెండోది వదిన జ్ఞాపకాల మొదటి సంపుటం. అంచులన్నీ రాతతో నిండి ఉన్నాయి.

అత్తయ్యకు శుక్లాలు ముదిరి చూపు పోయాక, మధ్యాహ్నాలు కూతురి పుస్తకాలు నాచేత చదివించుకునేది. తోమాసా వచ్చే పేజీ వచ్చినప్పుడు నేను గబుక్కున రెండు పేజీలు తిప్పేశాను. "ఏం మింగేశావ్?" అంది వెంటనే. తప్పక చదివాను. కుండ గురించి, రెండు 'సరే'ల గురించి, అన్నీ. అత్తయ్య చివరిదాకా వింది. తర్వాత, "పెన్సిలు తెచ్చుకో" అంది. "రాయి. ఇది తప్పు. నా కూతురు ఏడాదికి నాలుగు రోజులు వచ్చిపోయే మనిషి, దానికేం తెలుసు? నువ్వు గిన్నెలు తోముతూ నన్ను తిట్టుకోవడం రోజూ వింటూనే ఉన్నా. మాటలు రాకపోవడమేంటి? నా చుట్టాలందర్నీ కలిపినా అంత వాగరు."

అలా మొదలైంది. మర్నాటి నుంచి ఆమె తప్పులు పట్టడం, నేను రాయడం. "ఆ గౌను నీలం కాదు, ఆకుపచ్చ." "మా అమ్మ పాటలు పాడేదట! ఆవిడ గొంతు వింటే కుక్కలు మొరిగేవి." పాఠపుస్తకాల్లోకి కూడా ఎక్కిన భాగం, వదిన తండ్రి జ్వరంతో పోవడం, ఆయన చివరి మాటలు చదివినప్పుడైతే పడీ పడీ నవ్వింది. "జ్వరమా! తాగి గుర్రం మీంచి పడ్డాడు. పిల్లలకి జ్వరమని చెప్పింది నేనే. రాయి, రాయి."

ఆఖరి నెలల్లో అత్తయ్య మతిమరుపులో పడి ఒక్కో పేరే మర్చిపోతూ వచ్చింది. ఆమె పోయాక కూడా నేను ఆపలేదు. మధ్యాహ్నం ఎవరిస్తో కునుకు తీసే గంటసేపు, ఆ పుస్తకాలు తెరిచి మిగిలిన ఖాళీల్లో సిరాతో రాసుకుంటూ వచ్చాను. ఈసారి నావి.

వదిన రెండు గంటలు కదలకుండా చదివింది. గుర్రం దగ్గర ఫక్కున నవ్వింది. తర్వాత ఎక్కడో ఏడ్చింది. ఎక్కడో నేను చూడలేదు, కాఫీ కలుపుతున్నాను. చదవడమయ్యాక కళ్లద్దాలు తీసి, "ఈ రెండూ నాకిస్తావా ఎర్మీనియా?" అంది. "నా రెండో సంపుటం మొత్తం ఇందులోనే ఉంది. నేను నలభై ఏళ్లు రాసినా ఇలాంటి వాక్యం రాయలేదు, చూడు, ఈ పేజీలో."

"ఇచ్చెయ్యవే" అన్నాడు ఎవరిస్తో, గండం గడిచిందన్న హుషారుతో. "అక్క అడగడమే ఎక్కువ. వెనక పేజీలో నీ పేరు కూడా వేయిస్తుంది, 'మరదలికి కృతజ్ఞతలు' అని. కదక్కా?"

అబద్ధమెందుకు, నా మనసు ఊగింది. అంత పెద్ద రచయిత్రి నా రాత మీద వేలు పెట్టి చూపిస్తోంది. ఇచ్చేస్తే బరువు దిగిపోతుంది, మళ్లీ నా వంటింట్లోకి నేను వెళ్లిపోవచ్చు. కానీ ఆ క్షణంలో నాకు కాఫీ గింజలు ఏరే షెడ్డు గుర్తొచ్చింది. పెళ్లికి ముందు తొమ్మిదేళ్లు అక్కడ పనిచేశాను. పొడవాటి బల్లకు రెండు వైపులా అరవైమంది ఆడవాళ్లం. చేతులు నల్లగింజల్ని పక్కకి తోస్తుంటే నోళ్లు ఊరుకునేవి కావు. నన్ను ఎప్పుడూ బల్ల మధ్యలోనే కూర్చోబెట్టేవారు, రెండు చివర్లకీ నా గొంతు వినబడాలని. నేను కథలు చెప్పేదాన్ని. ఒక్కో కథ వారం సాగేది. సోమవారం పొద్దున "ఆ తర్వాతేమైందే?" అంటూ గేటు దగ్గరే పట్టుకునేవారు. ఈ ఇంటికి వచ్చాక ఎవరూ ఆ తర్వాతేమైందని అడగలేదు. అడగని ఇంట్లో గొంతు దానంతటదే సన్నబడిపోతుంది.

"పెన్సిలుతో ఉన్నవి మీ అమ్మవి వదినా" అన్నాను. "అవి నీవే. ఇక్కడే కూర్చుని అన్నీ ఎత్తి రాసుకో, ఎన్ని రోజులైనా ఉండు. సిరాతో ఉన్నవి నావి. అవి ఇవ్వను."

"ఏం చేసుకుంటావే వాటిని?" ఎవరిస్తో అరిచాడు.

"పుస్తకం."

ఆయన నవ్వాడు. వదిన నవ్వలేదు. "మరి ఆ ఆరేళ్ల గురించి నేనేం రాయను?" అంది. ఆ అడగడంలో రచయిత్రి లేదు, తల్లి పోయేటప్పుడు దగ్గర లేని కూతురుంది.

"నువ్వు లేవని రాయి వదినా. అది నీకన్నా బాగా ఎవరు రాయగలరు?"

ఆమె నాలుగు రోజులుంది. పెన్సిలు మాటలన్నీ ఎత్తి రాసుకుంది. ఒక్కసారి కూడా సిరా వైపు చెయ్యి పోనివ్వలేదు, నేను గమనిస్తూనే ఉన్నాను. బస్సెక్కే ముందు, "తోమాసా విషయంలో నేను..." అని మొదలుపెట్టి ఆపేసింది. "నాలుగైదుగురు కాదు. నువ్వే" అంది. "తెలుసు" అన్నాను.

ఆ వారమంతా ఎవరిస్తో నాతో మాట్లాడలేదు. మాట్లాడిన రోజున, "అక్క ముందు నన్ను అబద్ధాలకోరుని చేశావు" అన్నాడు. "నేను చేసేదేముంది, అది నువ్వు ఫోన్‌లోనే అయిపోయావు" అన్నాను. ఆయన మొక్కలకు నీళ్లు పెట్టడానికి వెళ్లిపోయాడు.

మరుసటి ఏడాది రెండో సంపుటం వచ్చింది. తండ్రి గుర్రం మీంచి పడ్డాడు. అమ్మమ్మ పాడితే కుక్కలు మొరిగాయి. తల్లి ఆఖరి ఆరేళ్ల అధ్యాయం మాత్రం అర పేజీ. "ఆ ఆరేళ్లు నేను అక్కడ లేను" అని మొదలై, "ఉన్నది ఎర్మీనియా కాల్దెరాస్. ఆమె తన పుస్తకం తాను రాస్తోంది. అందరిలాగే నేనూ ఎదురుచూస్తున్నాను" అని ముగిసింది. పుట్టింటి పేరుతో సహా రాసింది.

ఊరు ఊరంతా చదివినట్టుంది. మాంసం కొట్టువాడు కత్తి తుడుచుకుంటూ, అమ్మగారూ అన్నంత మర్యాదగా, "దోన్యా ఎర్మీనియా, ఎంతవరకూ వచ్చింది?" అన్నాడు. షెడ్డులో నా పక్కన కూర్చునే ఫెలీసితాస్, ఇప్పుడు పళ్లు లేని ముసలిది, కర్ర పొడుచుకుంటూ ఇంటికొచ్చి, "మమ్మల్ని కూడా పెడతావా అందులో?" అని అడిగింది. అందరికీ వచ్చేస్తోందనే చెప్పాను. నిజానికి ఒక్క ముక్క రాయలేదు. అంచుల్లో అయితే వేల మాటలు రాశాను. ఖాళీ కాగితం ముందు పెట్టుకుంటే మొదటి మాట దొరకలేదు.

నిన్న మధ్యాహ్నం బల్ల మీద తెల్లగుడ్డ తీసేసి, కొత్త నోటుపుస్తకం తెరిచి కూర్చున్నాను. ఎవరిస్తో కునుకు లేచి వచ్చి, "కాఫీ ఏదీ?" అన్నాడు. "డబ్బాలో ఉంది, నీళ్లు కాచుకో" అన్నాను తల ఎత్తకుండానే. తర్వాత వంటింట్లో గిన్నెలు వెతుక్కుంటున్న చప్పుడు వినిపించింది. ఏది ఎక్కడుందో నేను చెప్పలేదు.

ఇలా మొదలుపెట్టాను: "మా అత్తయ్య నన్ను మొదటిసారి పేరు పెట్టి పిలిచిన రోజున, ఆమెకు తన పేరుతో సహా ప్రపంచంలో ఇంకే పేరూ గుర్తులేదు."